అమ్మ పెట్టెల్లో దొరికిన అమ్మ

కొత్త మిక్సీ ఇంటికి వచ్చిందనుకోండి. అట్టపెట్టె విప్పగానే ముందు చేతికి తగిలేది మిక్సీ కాదు, దాని చుట్టూ తెల్లగా, తేలిగ్గా, గోరు తగిలితే చాలు పూసలు పూసలుగా రాలిపోయే థర్మోకోల్. పిల్లల స్కూలు ప్రాజెక్టుకి పనికొస్తుందని ఒకరు దాస్తారు, వినాయక చవితికి మండపం కట్టొచ్చని ఇంకొకరు అటక మీద పడేస్తారు, ఆఖరికి ఏ పండగ సర్దుళ్లలోనో అది చెత్తకుప్పలోకి పోతుంది. ఆ థర్మోకోల్ అసలు పేరు పాలీస్టైరీన్. 1976లో లండన్‌లో 19 ఏళ్ల అమ్మాయి ఒకతె టెలిఫోన్ డైరెక్టరీలోని పసుపు పేజీలు తిరగేసి, ఏరి కోరి ఆ పేరునే తనకి పెట్టుకుంది. పాలీ స్టైరీన్!

ఇదేం పేరు తల్లీ అనిపిస్తోంది కదూ? ఆ పిల్ల ఉద్దేశం కూడా అదే. సినిమా తారలైనా, పాటగాళ్లైనా జనం కాసేపు వాడుకుని అవతల పారేసే వస్తువులే కదా, అలాంటప్పుడు ఆ సంగతేదో పేరులోనే ఉంటే పోలేదా అనుకుంది. వెక్కిరింతగా పెట్టుకున్న ఆ పేరుతో ఓ రెండేళ్లు ఇంగ్లండు పాటల ప్రపంచాన్ని ఓ ఊపు ఊపింది. తర్వాత జబ్బు పడింది, పాట వదిలేసింది, కృష్ణ భక్తురాలైంది, ఒక కూతుర్ని కన్నది, 2011లో కన్నుమూసింది.

ఆమె పోయాక ఆ కూతురి చేతికి కొన్ని పెట్టెలు వచ్చాయి. డైరీలు, బొమ్మలు, కాగితం ముక్కల మీద రాసుకున్న పాటలు, ఫొటోలు. చాలాకాలం వాటిని తెరవడానికే ఆమెకి మనసు రాలేదట. తెరిచాక ఊరుకోలేకపోయింది. ఒక పుస్తకం వచ్చింది, 2021లో ఒక సినిమా వచ్చింది. సినిమా పేరు 'పాలీ స్టైరీన్: ఐ యామ్ ఎ క్లీషే'. తీసింది కూతురు సెలెస్ట్ బెల్, ఆమెతో కలిసి పాల్ సంగ్ అనే దర్శకుడు.

ఎక్కడో ఇంగ్లండులో అరుపుల పాటలు పాడిన ఒకావిడ సంగతి మనకెందుకు అంటారేమో. ఆ పాటలు మీకు నచ్చి తీరతాయని నేను హామీ ఇవ్వను. సుశీలమ్మ గొంతుకి అలవాటు పడ్డ చెవులకి ఆ గొంతు మొదటిసారి రోలు మీద రాయి గీసినట్టే ఉంటుంది. కానీ ఆ సినిమా అడిగే ప్రశ్న మాత్రం మన ఇళ్లలో అందరూ లోపల లోపల అడుగుకునేదే. మా అమ్మ నాకు అమ్మ కాకముందు ఎవరు?

న్యూ వేవ్ అంటే...

మనకి న్యూ వేవ్ అనగానే శ్యామ్ బెనెగల్ గుర్తుకొస్తారు. 1978లో తెలుగులో 'అనుగ్రహం' తీసింది ఆయనే. ఇంగ్లండులో అదే రోజుల్లో న్యూ వేవ్ అన్నది సినిమా మాట కాదు, పాట మాట. 1976, 77లో అక్కడి కుర్రకారు మొదలుపెట్టిన మొరటు సంగీతానికి ముందు పంక్ అని పేరు వచ్చింది. ఆ పేరు వింటేనే పెద్దవాళ్లు చెవులు మూసుకునేవారు కాబట్టి పత్రికలవాళ్లు, రికార్డుల కంపెనీలవాళ్లు కాస్త మర్యాదగా ఉంటుందని న్యూ వేవ్ అనడం మొదలుపెట్టారు. పోనుపోను ఆ పేరు కాస్త నాజూకైన, మెషిన్ల మోత ఎక్కువున్న పాటలకి స్థిరపడింది.

ఆ పిల్లలకి అంత కోపం ఎందుకు? అప్పటి ఇంగ్లండు మనం సినిమాల్లో చూసే ఇంగ్లండు కాదు. 1974 మొదట్లో కరెంటు పొదుపు కోసం ఫ్యాక్టరీలకి వారానికి మూడు రోజులే కరెంటు ఇచ్చారు. 1976లో ఆ ప్రభుత్వం అంతర్జాతీయ ద్రవ్యనిధి ముందు చెయ్యి చాచింది. స్కూలు వదిలిన పిల్లలకి ఉద్యోగాలు లేవు. ఉద్యోగాలు పోయినచోట కోపం ఎవరి మీదకి మళ్లుతుందో మీకు తెలుసు. బయటినుంచి వచ్చినవాళ్ల మీదకి. 1976 జూన్‌లో లండన్‌లోని సౌతాల్‌లో ఒక 18 ఏళ్ల సిక్కు కుర్రాణ్ణి వీధిలో పొడిచి చంపారు. అదే ఏడు ఆగస్టులో ఎరిక్ క్లాప్టన్ అంతటి పేరున్న గిటారు విద్వాంసుడు బర్మింగ్‌హామ్ సభలో వేదిక మీదే వలస వచ్చినవాళ్లని వెళ్లగొట్టాలన్నట్టు మాట్లాడాడు. దానికి జవాబుగా పుట్టిందే 'రాక్ అగెనెస్ట్ రేసిజం' ఉద్యమం.

అలాంటి ఊళ్లో తెల్ల తల్లికి, సోమాలియా తండ్రికి పుట్టిన పిల్ల మేరియన్ ఎలియట్. 1957 జూలై 3న పుట్టింది. తండ్రి దగ్గర లేడు. తల్లి లాయర్ల ఆఫీసులో సెక్రటరీగా పనిచేస్తూ లండన్‌లోని బ్రిక్స్‌టన్‌లో పిల్లల్ని ఒక్కతే పెంచింది. తెల్లవాళ్లకి నల్లపిల్ల, నల్లవాళ్లకి తెల్లపిల్ల. అటూ కాని ఇటూ కాని ఆ బతుకు గురించి ఆమె చిన్నప్పటినుంచీ రాసుకుంటూనే ఉంది.

15 ఏళ్లకే చేతిలో మూడంటే మూడు పౌన్లు పెట్టుకుని ఇల్లు వదిలి వెళ్లిపోయింది. దారిన పోయే కార్లు ఆపి ఎక్కుతూ ఒక సంగీత ఉత్సవం నుంచి ఇంకో ఉత్సవానికి తిరిగింది. ఆ తిరుగుడు ఎలా ఆగిందంటారా? వాగులో స్నానం చేస్తుంటే కాల్లో తుప్పు మేకు దిగి, విషం రక్తానికి పాకి, ఆస్పత్రి పాలైంది. ఆ తల్లి ఎన్ని రాత్రులు నిద్ర లేకుండా గడిపి ఉంటుందో ఆలోచించండి. సినిమాల్లో ఇంట్లోంచి పారిపోయిన పిల్లల కథలు చెబుతారు గానీ, గుమ్మం దగ్గర కూర్చున్న తల్లుల కథ ఎవరూ తియ్యరు.

పళ్లకి క్లిప్పులు, ఒంటికి ప్లాస్టిక్కు

సరిగ్గా తన 19వ పుట్టినరోజున, అంటే 1976 జూలై 3న, హేస్టింగ్స్ అనే సముద్రం ఒడ్డు ఊళ్లో సెక్స్ పిస్టల్స్ అనే కుర్రాళ్ల కచేరీ చూసింది మేరియన్. వాళ్లకి వాయించడం పెద్దగా రాదు. వీళ్లే పాడగా లేనిది నేనెందుకు పాడకూడదు అనుకుంది. వెంటనే పత్రికలో ప్రకటన ఇచ్చి మనుషుల్ని పోగుచేసింది. బృందం పేరు ఎక్స్-రే స్పెక్స్. అందులో సాక్సాఫోన్ వాయించిన లోరా లాజిక్ అప్పటికింకా స్కూలు వయసు పిల్ల. మగవాళ్లంతా గిటార్లు పట్టుకు తిరిగే ఆ గుంపులో, ఇద్దరు టీనేజీ ఆడపిల్లలు ముందు నిలబడి ఒకరు పాడుతూ, ఇంకొకరు సాక్సాఫోన్ ఊదుతూ ఉంటే ఎలా ఉండి ఉంటుందో ఊహించుకోండి.

పాలీ వేషం ఇంకా విచిత్రం. పళ్లకి ఇనప క్లిప్పులు. మన పిల్లలు క్లిప్పులు వేయించుకున్న రోజు నుంచి ఫొటోలో నోరు విప్పరు కదా! ఈ పిల్ల ఆ క్లిప్పులతోనే నోరంతా తెరిచి పాడింది. పాత బట్టల దుకాణాల్లో దొరికిన ముదురు రంగుల బట్టలు, ప్లాస్టిక్ నగలు, తనే కుట్టుకున్న, తనే అతికించుకున్న వింత వింత దుస్తులు. అప్పటికే లండన్ కింగ్స్ రోడ్డు పక్క బ్యూఫోర్ట్ మార్కెట్లో చిన్న కొట్టు పెట్టుకుని ఇలాంటి సరుకే అమ్మేది. అందంగా కనపడాలని ఒక్క పూట కూడా ప్రయత్నం చేయని ఆడ గాయని, అదీ 1977లో!

ఆ సెప్టెంబరులో వచ్చిన వాళ్ల మొదటి రికార్డు పేరు 'ఓ బాండేజ్ అప్ యువర్స్!'. పిల్లలు పెద్దల ముందు నోరెత్తకూడదని ఇంగ్లీషు ఇళ్లలో ఒక పాత నానుడి ఉంది. దాన్ని ఆడపిల్లలకి అన్వయించి, బుద్ధిమంతురాలైన పిల్లలాగా సన్నటి గొంతుతో మొదలుపెడుతుంది పాలీ. ఆ మరుక్షణం మిద్దె ఎగిరిపోయేలా ఒక్క కేక. ఆ కేకే పాటకి పల్లవి. పాడిన తీరు అందరికీ రుచించకపోవచ్చు గానీ, పెళ్లిచూపుల్లో తలొంచుకు కూర్చున్న ఏ ఆడపిల్ల కడుపులోనైనా ఆ కేక ఉంటుందని నేను నమ్ముతాను.

ఆమె పాటల విషయాలు చూస్తే మీకు ఇంకా ఆశ్చర్యం వేస్తుంది. ప్రేమ పాటలు పాడదామె. సూపర్ మార్కెట్లు, ప్రకటనలు, కృత్రిమమైన రంగులు, ప్లాస్టిక్కుతో నిండిపోతున్న లోకం, పత్రికలో బొమ్మ చూసి అద్దంలో తనని తాను పోల్చుకుని కుమిలే అమ్మాయి... ఇవీ విషయాలు. 1978 నవంబరులో వచ్చిన 'జెర్మ్‌ఫ్రీ అడాలసెంట్స్' ఆల్బం పేరు పాట క్రిములంటే భయపడి ఎప్పుడూ కడుక్కుంటూ తోముకుంటూ ఉండే పిల్లల గురించి. ఆ పాట ఇంగ్లండు అమ్మకాల పట్టికలో 19వ స్థానం దాకా ఎక్కింది. 2020లో శానిటైజర్ సీసా పట్టుకుని కూరగాయల సంచీ మీద చల్లిన మనందరికీ ఆ పాట ఎవరి గురించో చెప్పనక్కర్లేదు.

ఆ మోతని కెమెరాతో పట్టిందెవరు?

సెలెస్ట్ పుట్టింది 1981లో. తల్లి బృందం అప్పటికే చెదిరిపోయింది. మరి తను కళ్లతో చూడని తల్లి పాతికేళ్ల లోపు రూపాన్ని ఎక్కడ వెతికి పట్టుకుంది? ఇక్కడ ఇంకో మనిషి గురించి చెప్పుకోవాలి. డాన్ లెట్స్. జమైకా నుంచి వచ్చిన తల్లిదండ్రులకి 1956లో లండన్‌లో పుట్టాడు. 1977 మొదట్లో లండన్‌లో రాక్సీ అనే చిన్న క్లబ్బు పంక్ బృందాలకి అడ్డా అయింది. అక్కడ కచేరీల మధ్య ఖాళీలో రికార్డులు వేసే పని ఇతనిది. పంక్ రికార్డులు అప్పటికింకా పెద్దగా లేవు కాబట్టి తన దగ్గరున్న జమైకా రెగె పాటలు వేసేవాడు. తెల్ల పిల్లలు ఆ నల్లవాళ్ల పాటలకి అలా అలవాటు పడ్డారు!

ఒక ఫ్యాషన్ పత్రికలో పనిచేసే ఆవిడ అతనికి సూపర్-8 కెమెరా ఒకటి ఇచ్చింది. సూపర్-8 అంటే ఇళ్లలో పిల్లల పుట్టినరోజులు తీసుకునే బుల్లి కెమెరా. ఒక్కో రీలు మూడు నిమిషాల పైచిలుకు నడుస్తుంది, అంతే. సెల్‌ఫోన్లో గంటల కొద్దీ తీసి ఒక్కసారి కూడా చూడని మనకి ఆ మూడు నిమిషాల విలువ తెలియదు. ఏది తియ్యాలి, ఏది వదలాలి అని అక్కడికక్కడే తేల్చుకోవాలి. చదువుకుని నేర్చిన పని కాదది, చేతిలో కెమెరా పట్టుకుని తోపులాటలోకి దూరడమే. అలా రాక్సీలో, మిగతాచోట్ల తీసిన రీళ్లతో 1978లో 'ది పంక్ రాక్ మూవీ' తయారైంది. అందులో ఎక్స్-రే స్పెక్స్ కూడా ఉన్నారు. బొమ్మ గరుకుగా ఉంటుంది, చెయ్యి వణుకుతుంది, వెలుతురు చాలదు. అయినా ఆ రోజుల్ని తెలుసుకోవాలనే ఎవరికైనా ఇప్పటికీ అదే దిక్కు.

1979లో బీబీసీ టెలివిజన్‌వాళ్లు 'హూ ఈజ్ పాలీ స్టైరీన్?' అనే డాక్యుమెంటరీ తీశారు. అందులో ఆమె నెమ్మదిగా, ఎటో చూస్తూ మాట్లాడుతుంది. వేదిక మీద కేకలు పెట్టిన పిల్లేనా ఈ పిల్ల అనిపిస్తుంది. అప్పటికే లోపల ఏదో నలిగిపోతోందని ఇవాళ చూసినవాళ్లకి ఇట్టే తెలుస్తుంది. అప్పుడు చూసినవాళ్లకి మాత్రం ఆర్టిస్టు ధోరణి అనిపించి ఉంటుంది.

గులాబీ రంగు వెలుగు

1978 పాలీకి పెద్ద సంవత్సరం, పాడు సంవత్సరం కూడా. ముందు న్యూయార్క్ వెళ్లి అక్కడి పేరున్న సీబీజీబీ క్లబ్బులో పాడింది. తను పాటల్లో వెక్కిరించిన ప్లాస్టిక్ లోకం అక్కడ నిజంగా కళ్ల ముందు ఉంది, లండన్ కన్నా పదింతలు. నిద్ర లేదు, చుట్టూ మత్తు పదార్థాలు, తెల్లారేదాకా జనం. ఏప్రిల్ 30న లండన్ విక్టోరియా పార్కులో జాతి వివక్షకి వ్యతిరేకంగా జరిగిన పెద్ద సభలో వేలాది జనం ముందు తలకి గుడ్డ చుట్టుకుని పాడింది. నన్ను అందగత్తెగా చూపించి అమ్ముకోవాలని చూస్తే గుండు గీయించుకుంటానని అంతకు ముందు అనేది. గీయించేసుకుంది. మన దగ్గర తిరుపతిలో గుండు అంటే మొక్కు. అక్కడ ఒక యువ గాయని గుండు అంటే పత్రికలకి పండగ. ఆ పిల్ల పరిస్థితి ఏమిటి అని అడిగినవాళ్లు తక్కువ.

ఆ ఏడాదే డాన్‌కాస్టర్ అనే ఊళ్లో కచేరీ అయ్యాక, హోటలు కిటికీలోంచి ఆకాశంలో గులాబీ రంగు వెలుగు ముద్ద ఒకటి చూశానని చెప్పింది. ఒంట్లో కరెంటు పారినట్టు ఉందంది. ఆస్పత్రిలో చేర్చారు. స్కిజోఫ్రీనియా అని తేల్చారు. ఇక పాడటం కష్టమన్నారు. అది తప్పు నిర్ధారణ అని, ఆమెకి ఉన్నది బైపోలార్ డిజార్డర్ అని తేలడానికి చాలా ఏళ్లు పట్టింది. అంటే కొన్నాళ్లు మనసు అదుపు లేని ఉత్సాహంతో ఉరకలు వేస్తుంది, నిద్ర అక్కర్లేదనిపిస్తుంది, డబ్బు నీళ్లలా ఖర్చవుతుంది. మరికొన్నాళ్లు మంచం దిగాలనిపించదు. ఆ రెండు జబ్బులకీ మందుల పద్ధతి వేరు. మన ఇళ్లలో ఇలాంటివారిని ఇప్పటికీ పిచ్చి అని ఒక మాటతో సరిపెట్టేసి, గాలి సోకిందని తాయెత్తు కట్టిస్తాం. ఇంగ్లండులో పెద్ద ఆస్పత్రిలో డాక్టర్లే పొరబడ్డారు. నిద్ర తగ్గిపోవడం, మాట వేగం పెరగడం, పొంతన లేని ఖర్చులు... ఇవి వారం దాటి కనపడితే సైకియాట్రిస్టుకి చూపించండి. ఒక డాక్టరు చెప్పినదానికీ ఇంట్లో మీరు చూస్తున్నదానికీ పొంతన కుదరకపోతే, మందులు మీ అంతట మీరు ఆపకండి గానీ ఇంకొకరి అభిప్రాయం తీసుకోండి.

1979లో బృందం విడిపోయింది. 1980లో ఒంటరిగా 'ట్రాన్స్‌లూసెన్స్' అనే ఆల్బం చేసింది. అందులో కేకలు లేవు, అంతా మెత్తదనమే. అభిమానులకి నచ్చలేదు. పెళ్లయింది, పాప పుట్టింది. 1983లో హరే కృష్ణ ఉద్యమంలో చేరి, పాపని తీసుకుని లండన్ శివార్లలోని భక్తివేదాంత మానర్‌కి వెళ్లిపోయింది. హైదరాబాదు అబిడ్స్‌లో ఇస్కాన్ గుడి చూసిన వాళ్లకి ఆ వాతావరణం తెలుసు. అదే తిలకం, అదే మృదంగం, ఉల్లి వెల్లుల్లి లేని ప్రసాదం. ఇంగ్లండులోని ఆ భవనాన్ని 1973లో వాళ్లకి ఇచ్చింది బీటిల్స్ బృందం జార్జ్ హారిసన్. ఇంకో చిత్రం ఏమిటంటే, ఎక్స్-రే స్పెక్స్ నుంచి మధ్యలోనే తప్పించబడి మనసు కష్టపెట్టుకున్న సాక్సాఫోన్ పిల్ల లోరా కూడా కృష్ణ భక్తురాలైంది. పాలీ, లోరా మళ్లీ కలిసింది కచేరీలో కాదు, కృష్ణుడి సన్నిధిలో!

కూతురి వైపు నుంచి చూస్తే

ఇక్కడిదాకా గాయని కథ. దీన్ని ఎవరు తీసినా తీయగలరు. సెలెస్ట్ తీసిన సినిమాకి బలం ఇక్కడినుంచి మొదలవుతుంది.

మీ అమ్మ అంత గొప్ప గాయని కదా, మంచి తల్లేనా అని జనం తనని అడుగుతూ ఉంటారని సినిమా మొదట్లోనే చెబుతుంది సెలెస్ట్. ఏం చెప్పాలో తోచదంటుంది. ఎవరైనా తల్లి పోయాక ఆమె మీద తీసే సినిమాలో పూలదండ వేసి దీపం పెడతారు. ఈమె ఆ పని చెయ్యలేదు. జబ్బు తిరగబెట్టిన రోజుల్లో తల్లి తనని పట్టించుకోలేకపోయిందని, భయపడిన రోజులు ఉన్నాయని, చివరికి తను అమ్మమ్మ దగ్గర పెరిగిందని దాచకుండా చెప్పింది. ఆ అమ్మమ్మ ఎవరో గుర్తుందిగా? 15 ఏళ్ల కూతురు ఇల్లు వదిలి పోతే ఎదురుచూసిన ఆవిడే. ఒకసారి పిల్లల్ని పెంచి, వయసు మీద పడ్డాక మళ్లీ మనవరాలికి అన్నం పెట్టి స్కూలుకి పంపింది. సినిమా పాలీ గురించే అయినా, నా వరకు ఆ అమ్మమ్మే సినిమా అంతా నడిపించినట్టు అనిపిస్తుంది.

తల్లి మీద కోపం ఉన్న కూతురు తల్లి డైరీలు చదివితే ఏమవుతుంది? తన చిన్నతనంలో అర్థం కాని రోజులన్నీ అవతలి వైపు నుంచి కనపడతాయి. వేదిక మీద వెలిగిపోయిన ఆ పిల్లకి 20, 21 ఏళ్లని, చుట్టూ ఉన్న పెద్దవాళ్లలో ఎవరూ ఆగమ్మా, కాసేపు పడుకో అని చెప్పలేదని తెలుస్తుంది. ఆ డైరీ మాటల్ని సినిమాలో రూత్ నెగ్గా అనే నటి చదువుతుంది. కూతురు తన గొంతుతో తన మాట చెబుతుంది. రెండు ఆడగొంతులూ ఒకదానికొకటి జవాబు చెప్పుకుంటున్నట్టుంటుంది.

మామూలు డాక్యుమెంటరీల్లో పెద్దమనుషులు వరసగా కుర్చీల్లో కూర్చుని అభిప్రాయాలు చెబుతారు, మనకి ఆవలింతలు వస్తాయి. ఇందులో ఆ గోల లేదు. డాన్ లెట్స్, ఫ్యాషన్ డిజైనర్ వివియన్ వెస్ట్‌వుడ్, గాయనులు నెనే చెర్రీ, పాలీన్ బ్లాక్, క్యాథలీన్ హానా లాంటివాళ్లు మాట్లాడతారు గానీ గొంతులే వినపడతాయి. తెర మీద పాత బొమ్మలు, పాలీ గీసిన గీతలు, లేకపోతే ఆ చోట్లలో ఒంటరిగా నడుస్తున్న కూతురు. లండన్, న్యూయార్క్, చివరికి మన ఇండియా. మూడు ఖండాలు. తల్లి నిలబడిన చోట తను నిలబడి చూస్తుంది, అంతే. నల్లవాళ్లకి పుట్టిన ఆడపిల్లలు ఎందరో ఆ క్లిప్పుల పిల్లని టీవీలో చూసి, అయితే నేనూ పాడొచ్చన్నమాట అనుకున్నారట. బ్రిటన్‌లో పేరు తెచ్చుకున్న రాక్ బృందానికి ముందు నిలబడి పాడిన మొదటి నల్లజాతి స్త్రీ ఆమే మరి.

2021లో బ్రిటిష్ ఇండిపెండెంట్ ఫిల్మ్ అవార్డుల్లో ఉత్తమ డాక్యుమెంటరీ బహుమతి ఈ సినిమాకే వచ్చింది.

తల్లీకూతుళ్ల మధ్య సంగతులు చివరి ఏళ్లలో చక్కబడ్డాయి. 2008 సెప్టెంబరులో లండన్ రౌండ్‌హౌస్‌లో 51 ఏళ్ల పాలీ మళ్లీ వేదిక ఎక్కి పాత పాటలు పాడింది. 2011 మార్చిలో 'జెనరేషన్ ఇండిగో' అనే కొత్త ఆల్బం వచ్చింది. అప్పటికే రొమ్ము క్యాన్సర్ వెన్నెముకకి పాకింది. ఏప్రిల్ 25న, 53 ఏళ్లకి, పోయింది. ఆల్బం విడుదలై నెల కూడా నిండలేదు.

మీ ఇంటి పెట్టెల మాట

ఈ సినిమా ఎలా వచ్చిందంటే ఎవరో పారేయకుండా ఉంచిన కాగితాల వల్ల, ఎవరో తీసిన మూడు నిమిషాల రీళ్ల వల్ల. మన ఇళ్లలోనూ అటక మీద, బీరువా అడుగు అరలో ఇలాంటివి ఉంటాయి. పెళ్లి వీడియో కేసెట్, అమ్మ పాడిన మంగళహారతి ఆడియో కేసెట్, నాన్నమ్మ వంటల నోటుపుస్తకం, మీరు పెళ్లికి ముందు రాసుకున్న కవితలు. సంక్రాంతి సర్దుళ్లలో అవి పోకుండా చూసుకోవడానికి పెద్ద ఖర్చేమీ అక్కర్లేదు.

వీడియో కేసెట్లు ముందు చూసుకోండి, వాటికే ప్రాణం తక్కువ. వీసీఆర్‌ల తయారీ 2016లోనే ఆగిపోయింది. జపాన్‌లో ఆఖరిగా చేస్తున్న కంపెనీ కూడా మానేసింది. కాబట్టి పనిచేసే వీసీఆర్ ఊళ్లో ఇంకా ఒకటో రెండో ఉండగానే స్టూడియోకి ఇచ్చి కాపీ చేయించండి. కేసెట్ కిటికీలోంచి టేపు మీద తెల్లటి బూజు కనపడితే మాత్రం ఇంట్లో వేసి చూడకండి. ఆ బూజు మెషిన్‌కి అంటుకుని మిగతా కేసెట్లకీ పాకుతుంది, టేపూ తెగొచ్చు. స్టూడియోవాళ్లకి ముందే ఆ సంగతి చెప్పి ఇవ్వండి. కోస్తా ఊళ్లలో తేమ ఎక్కువ కాబట్టి వంటింటి గోడకి, బాత్‌రూమ్ గోడకి ఆనుకున్న బీరువాలో పెట్టొద్దు. కేసెట్లని పడుకోబెట్టకుండా పుస్తకాల్లా నిలబెట్టండి. పాత సినిమా రీళ్లు వెనిగర్ వాసన వేస్తున్నాయంటే పాడవడం మొదలైందన్నమాట, వాటిని మిగతావాటి నుంచి వేరు చేసి ముందు వాటినే కాపీ చేయించండి.

ఫొటోలకి జిగురు అట్టల ఆల్బములు శత్రువులు. కొన్నాళ్లకి ఊడిరావు, లాగితే బొమ్మ లేచిపోతుంది. కాగితాలకి గుండుసూదులు, రబ్బరు బ్యాండ్లు తీసేయండి, తుప్పు మరకా జిగురూ రెండూ అంటుకుంటాయి. చిరిగిన పేజీలకి సెల్లోటేపు వేయకండి, నాలుగేళ్లకి పచ్చబడి అక్షరాల్ని మింగేస్తుంది. కొత్త బూట్ల డబ్బాల్లో వచ్చే సిలికా జెల్ పొట్లాలు పారేయకుండా ఈ పెట్టెలో వేస్తే తేమని కొంత పీల్చుకుంటాయి.

ఇవన్నీ చేసినా ఒక పని మిగులుతుంది. ఫొటోలో ఉన్నది ఎవరో, ఏ ఊళ్లోనో, ఏ ఏడాదో వెనకాల మెత్తటి పెన్సిలుతో నెమ్మదిగా రాయండి. బాల్ పెన్నుతో గట్టిగా నొక్కి రాస్తే ముందు వైపు ముఖం మీద గీతలు పడతాయి. పేర్లు మీకు తెలియకపోతే అత్తగారినో, పిన్నినో ఈ ఆదివారమే కూర్చోబెట్టుకుని అడగండి. ఆవిడ చెబుతున్నంతసేపూ సెల్‌ఫోన్లో రికార్డు చేసి, ఆ రికార్డుని పిల్లల ఫోన్లోకి కూడా ఒకటి పంపి ఉంచండి.